పాకం పాఠాలు – 3: బెల్లం జీడిపప్పు

మొదటి పాఠంలో తీగ పాకం, ఉండ పాకం వేలితో పట్టి చూడడం నేర్చుకున్నాం. రెండో పాఠంలో పల్లీ పట్టీ చేశాం. పట్టీ ఒక్కసారైనా సరిగ్గా కుదిరినవాళ్ళకి ఈ పాఠంలో సగం పని వచ్చేసినట్టే. పాకం దగ్గర రెండింటికీ పెద్ద తేడా లేదు. తేడా అంతా పాకంలో పప్పు పడ్డాక వచ్చే రెండు నిమిషాల్లో ఉంది. పట్టీలో గింజలన్నీ ఒకదాన్నొకటి పట్టుకోవాలి. ఇక్కడ ఏ పప్పుకాపప్పు విడిపోయి, ఒంటి నిండా పల్చటి పూతతో గలగలమనాలి.

కావలసినవి: జీడిపప్పు 250 గ్రాములు, బెల్లం 150 గ్రాములు, నీళ్ళు 3 పెద్ద చెంచాలు, నెయ్యి చిన్న చెంచాడు, ఉప్పు చిటికెడు, యాలకుల పొడి పావు చెంచా, వంటసోడా రెండు చిటికెలు. మొదటిసారే కిలో లెక్కన మొదలుపెట్టకండి. పాకం గట్టిపడే వేగానికి కొత్త చేతులు అందుకోలేవు.

పప్పు గుండుగా ఉన్నదే కొనండి. బద్ద చవకే, కానీ బద్దకి ఒక వైపు చదునుగా ఉంటుంది. పాకంలో రెండు బద్దలు ఆ చదును వైపులు కలిశాయంటే మళ్ళీ విడదీయలేం. పైగా ముక్కలు చిన్నవయ్యేకొద్దీ అదే బరువుకి పూత పట్టాల్సిన చోటు పెరుగుతుంది, బెల్లమూ ఎక్కువ లాగుతుంది. పలాస పప్పు కొనేటప్పుడు సంచీ మీద డబ్ల్యూ 180, 240, 320 అని అంకెలు కనిపిస్తాయి కదా, అవి ఒక పౌనుకి, అంటే 454 గ్రాములకి, సుమారుగా ఎన్ని గుండు పప్పులు తూగుతాయో చెప్పే లెక్క. అంకె తగ్గేకొద్దీ పప్పు పెద్దది, ధర పెద్దది. మన పనికి 240 గానీ 320 గానీ చాలు. 180 పెట్టి బెల్లం పూయడం దుబారా అని నా అభిప్రాయం. దాన్ని ఉత్తినే నేతిలో వేయించుకు తినాలి.

బజారు పప్పులో నూటికి 3 నుంచి 5 పాళ్ళు తేమ ఉంటుంది. అది పోకుండా పాకంలో వేస్తే, లోపలి చెమ్మ మెల్లగా పూతలోకి దిగి మర్నాటికి చేతికి అంటుకుంటుంది. మందపాటి మూకుడులో సన్న సెగ మీద, నెయ్యి వేయకుండా, కదుపుతూ వేయించండి. పది నిమిషాల దాకా పట్టొచ్చు. ఓవెన్ ఉంటే 150 డిగ్రీల్లో 10 నుంచి 12 నిమిషాలు. పొయ్యి మీద ఉండగానే కొరికి చూసి కరకరలాడలేదని ఇంకా వేయించేస్తుంటారు. వేడి పప్పు ఎప్పుడూ మెత్తగానే ఉంటుంది. ఒకటి తీసి గిన్నె అంచున పెట్టి, నిమిషం ఆగి కొరకండి. అప్పుడు టక్కున విరిగితే చాలు. దించాక కూడా లోపలి వేడికి రంగు ఇంకాస్త తిరుగుతుంది కాబట్టి, లేత గోధుమ రంగు రాగానే దించేయాలి.

దించిన పప్పు చల్లారిపోకూడదు, ఇది మర్చిపోవద్దు. చల్లటి పప్పు పాకంలో పడితే పాకం అక్కడికక్కడే బిగుసుకుంటుంది, నాలుగు పప్పులకి పూత పట్టేలోపు మిగతాది గడ్డకడుతుంది. గిన్నె మీద మూత వేస్తే ఆవిరి పట్టి చెమ్మగిల్లుతుంది. మూత లేకుండా పొయ్యి పక్కనే ఉంచండి.

ఇక బెల్లం. కొడితే పెళ్ళలుగా పగిలే పొడి అచ్చు బెల్లం కావాలి. అనకాపల్లిదైనా కామారెడ్డిదైనా ఆ పొడితనమే చూడండి. చెమ్మగిల్లి చేతికి సాగే పాత బెల్లం పానకానికో పులుసుకో వాడుకోండి, దీనికి వద్దు. అలాంటి బెల్లంలో పంచదార కొంతవరకు గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌గా విడిపోయి ఉంటుంది. ఈ రెండూ గాలిలోని తేమని లాగేస్తాయి. పాకం ఎంత ముదిరినా ఆ గుణం పోదు. బాగా తెల్లగా మెరిసే బెల్లం కూడా నేను కొనను. ఆ తెలుపు చాలాసార్లు హైడ్రోస్ అనే రంగు తీసే రసాయనం వేస్తే వచ్చినదే, పాకం వాసనలో తేడా తెలుస్తుంది.

బెల్లం తరిగి, నీళ్ళు పోసి, కరిగేదాకా వేడిచేసి, పల్చటి గుడ్డలో వడకట్టండి. గిన్నె అడుగున మిగిలే ఇసుక చూస్తే ఈ పని ఇంకెప్పుడూ మానరు. నీళ్ళు పోసింది బెల్లం కరగడానికీ వడకట్టడానికీ మాత్రమే. ఇప్పుడు వాటిని మళ్ళీ బయటికి పంపాలి. పాకం ముదరడం అంటే నీరు పోవడమే. ఉండ పాకం దగ్గర ఇంకా నూటికి 13, 15 పాళ్ళు నీరుంటుంది. మనకి కావలసిన చోట అది ఒకటో రెండో పాళ్ళకి దిగిపోవాలి. నీరు తగ్గేకొద్దీ పాకం ఉడికే వేడి పెరుగుతుంది. ఉండ పాకం 115 డిగ్రీల చుట్టుపక్కల వస్తే, గట్టి పూతకి 140 దాటాలి. పంచదార పాకమైతే 150 దాకా ఓర్చుకుంటుంది గానీ బెల్లం ఓర్చుకోదు, దానిలోని ఫ్రక్టోజూ మడ్డీ ముందే మాడతాయి. థర్మామీటర్ ఉన్నవాళ్ళు 145 హద్దు పెట్టుకోండి.

లేనివాళ్ళు మూకుడులోకి చూడండి, అన్నీ అక్కడే కనిపిస్తాయి. మొదట పెద్ద పెద్ద బుడగలు లేచి, వెంటనే పగిలిపోతూ ఆవిరి కక్కుతుంటాయి. కాసేపటికి పాకం నురగగా పైకి పొంగుతుంది. ఇక్కడ చాలామంది అయిపోయిందనుకుని దించేస్తారు. ఇంకా కాలేదు. నురగ తనంతట తనే కిందికి కుంగి, బుడగలు చిన్నవై, చిక్కబడి, నిదానంగా ‘బొప్’ మని పగలడం మొదలవుతుంది. ఆవిరి దాదాపు ఆగిపోతుంది. రంగు తేనె నుంచి ఎర్ర మట్టి వైపు తిరుగుతుంది. గరిటె ఎత్తితే ఆఖరి చుక్క వెంట సన్నటి దారం సాగి, గాలికి గట్టిపడి, కాస్త వంగినట్టు నిలబడుతుంది. ఈ దశకి రాగానే మంట బాగా తగ్గించేయండి. ఇక్కడి నుంచి మాడడానికి నిమిషం కూడా పట్టదు.

ఇప్పుడు చల్లటి నీళ్ళ పళ్ళెంలో చుక్క వేసి చూడాలి. ఉండ పాకం వేళ్ళ మధ్య మెత్తగా నలుగుతుంది, అరిసెలకి అది చాలు. ఇంకొంచెం ముదిరితే గట్టి ఉండ అవుతుంది, పళ్ళెంలో వేస్తే టక్‌మంటుంది గానీ కొరికితే పళ్ళకి అతుక్కుంటుంది. ఈ దశ మోసం చేస్తుంది, శబ్దం విని సరే అనుకుంటాం. మనం ఆగాల్సింది దాని తర్వాత. చుక్క రేకులా పల్చగా గట్టిపడి, రెండు వేళ్ళతో వంచితే వంగకుండా విరగాలి. నోట్లో వేసుకుంటే గాజు ముక్కలా పగిలి, పంటికి ఏమీ మిగలకూడదు. చుక్క వేసి చూస్తున్న ప్రతిసారీ పొయ్యి కట్టేసి చూడండి. మీరు కొరికి ఆలోచించేలోపు పాకం ఆగదు.

పరీక్ష నెగ్గగానే పొయ్యి ఆపి, ఉప్పు, యాలకుల పొడి, సోడా వేసి ఒక్కసారి తిప్పండి. పాకం బుస్సుమని పొంగి రంగు తేలికపడుతుంది. బెల్లంలోని పులుపుతో, ఆ వేడితో సోడా విడుదల చేసే గాలి పూతలో సన్నసన్న బుడగలుగా చిక్కుకుంటుంది. అందుకే పూత పంటికింద కరకరలాడుతుంది. లేకపోతే రాయిలా ఉంటుంది. రెండు చిటికెలు దాటితే మాత్రం సబ్బు రుచి.

వెంటనే వెచ్చటి పప్పు మొత్తం ఒకేసారి వేసి, అడుగు నుంచి పైకి ఎత్తి ఎత్తి కలపండి. గుండ్రంగా గిరగిరా తిప్పకండి, పప్పు విరుగుతుంది, పాకం ఇసుక కడుతుంది. అరనిమిషంలో పూత అందినట్టు కనబడుతుంది, అప్పుడు నెయ్యి. నెయ్యి ముందే వేస్తే పాకం పప్పుని పట్టుకోకుండా జారుతుంది. ఇప్పుడు వేస్తే పూత మీద పొరలా పరుచుకుని పప్పుకి పప్పు అంటకుండా చేస్తుంది. కలుపుతూనే ఉండండి. పప్పుల మధ్య దారాలు సాగుతుంటాయి. ఆ దారాలు సాగడం మాని పుటుక్కున తెగడం మొదలైన క్షణాన, నెయ్యి రాసిన పెద్ద పళ్ళెంలోకి వంచేయండి. రెండు ఫోర్కులతో గబగబా విడదీయండి. చేతులతో వద్దు. 140 డిగ్రీల పాకం చర్మాన్ని అంటుకుని వదలదు. పక్కన గిన్నెడు చల్లటి నీళ్ళు ఉంచుకోండి, పిల్లల్ని వంటింట్లోకి రానివ్వకండి.

మూకుడులోనే గడ్డకట్టిందా? కంగారు పడొద్దు. సన్న సెగ మీద అరనిమిషం పెడితే మళ్ళీ కరుగుతుంది, మళ్ళీ కలపండి. చల్లారాక చేతికి అంటుకుంటోందా? పాకం లేతగా దించారన్నమాట. మొత్తం మూకుడులో వేసి సన్న సెగ మీద ఇంకో రెండు మూడు నిమిషాలు కలిపితే మిగిలిన నీరు పోతుంది. పూత మెరుపు లేకుండా రవ్వగా అయితే, మూకుడు గోడలకి అంటిన బెల్లం గడ్డలు పాకంలో పడ్డాయని. రుచికి లోటేమీ లేదు, తినేయండి. చేదెక్కితే మాత్రం ఏ వైద్యమూ లేదు.

పూర్తిగా చల్లారగానే గాలి చొరని డబ్బాలో పెట్టండి. విశాఖలోనో కాకినాడలోనో వానాకాలం అయితే పళ్ళెంలో గంటసేపు వదిలినా చెమ్మ లాగేస్తుంది. ఫ్రిజ్‌లో పెట్టకండి, బయటికి తీసినప్పుడల్లా నీరు పడుతుంది. రెండు మూడు వారాలు బాగుంటాయి. ఇంట్లో పిల్లలుంటే ఆ లెక్క అవసరం రాదు.

యాలకుల బదులు అరచెంచా కచ్చాపచ్చా మిరియాలు, చిటికెడు శొంఠి వేసి చూడండి. సాయంత్రం టీతో నాకు అదే ఇష్టం. వేయించిన నువ్వులు చల్లాలంటే నెయ్యి వేయకముందే, పూత తడిగా ఉండగానే చల్లాలి.

వచ్చే పాఠం పంచదార పూసిన బాదం. అక్కడ ఈ పాఠంలో వద్దన్న పనే కావాలని చేస్తాం. పాకాన్ని గిరగిరా తిప్పి, ఇసుక కట్టించి, ఆ ఇసుకనే పూతగా పట్టిస్తాం. ఈలోగా చేయాల్సిన అభ్యాసం ఒకటుంది. పప్పు జోలికి పోకుండా 50 గ్రాముల బెల్లంతో వట్టి పాకం పెట్టండి. నలిగే ఉండ, పంటికి అతుక్కునే గట్టి ఉండ, విరిగే రేకు, ఈ మూడు దశల్లోనూ ఒక్కో చెంచా పాకం పళ్ళెంలో వేరు వేరు చోట్ల వేసి చల్లారనివ్వండి. మూడూ కొరికి చూసి, పళ్ళేన్ని మూత లేకుండా రాత్రంతా వదిలేయండి. పొద్దున్న ఏ ముక్క ఎంత చెమ్మగిల్లిందో రాసి పెట్టుకోండి. బాదం పాఠం ఆ కాగితంతోనే మొదలవుతుంది.