ఎలక్ట్రిక్ కుక్కర్‌లో మక్క కంకులు: ఎందుకు ఉడకలేదు, ఏం చేయాలి

వినాయక చవితికి ముందు మొదలై బతుకమ్మ దాకా, పాలమూరు ఇళ్లలో సాయంత్రమైతే మక్క కంకుల వాసనే. మా ఇంట్లో ఎలక్ట్రిక్ ప్రెషర్ కుక్కర్ కొన్నాక మొదటిసారి కంకులు పెట్టిన రోజు అత్తమ్మ కుర్చీ వేసుకుని పక్కనే కూర్చుంది. పది నిమిషాలు చూసి, "సీటీ వస్తలేదేంది బిడ్డా? బందు చెయ్, మాడిపోతయ్" అన్నది. దీనికి సీటీ రాదత్తమ్మా అని చెప్పి, కుక్కర్‌తో ఇచ్చిన పుస్తకంలో ఉన్నట్టు మూడు నిమిషాలు పెట్టి తీశాను. గింజలు కొరుకుడు పడలేదు. ఆమె ఏమీ అనకుండా కంకులన్నీ తీసుకెళ్లి గ్యాస్ కుక్కర్‌లో వేసింది.

కుక్కర్ బాగానే ఉంది. పుస్తకంలోని మూడు నిమిషాలు స్వీట్‌కార్న్ కోసం రాసినవి. నేను పెట్టింది చెలక నుంచి వచ్చిన మక్క కంకి. ఈ తేడా తెలియకే చాలామంది ఎలక్ట్రిక్ కుక్కర్ కంకులకు పనికిరాదని పక్కన పెడుతున్నారు. అందుకే ముందు ఆ సంగతి.

గింజ గట్టిగానే ఉంది, ఉడకలేదు

మన దగ్గర ఎక్కువగా పండేది కోళ్ల దాణాకు, పిండికి వాడే మక్కజొన్న. జడ్చర్ల బాదేపల్లి మార్కెట్ యార్డుకు కుప్పలు కుప్పలుగా వచ్చేది ఇదే. అదే పంటను ఎండకముందు తెంపితే మనం తినే పచ్చి కంకి. దీని గింజలో చక్కెర తక్కువ, పిండి ఎక్కువ, పైతోలు మందం. స్వీట్‌కార్న్ వేరే రకం. అందులో చక్కెర అంత తొందరగా పిండిగా మారదు, తోలు కూడా పలుచన. స్వీట్‌కార్న్ రెండు మూడు నిమిషాల్లో అయిపోతే, మన మక్క ముదురును బట్టి పది నుంచి ఇరవై అయిదు నిమిషాలు అడుగుతుంది.

ఏ కంకి ఎంత ముదిరిందో గోటితో తెలుస్తుంది. పొర కొద్దిగా తీసి, మధ్యలో ఉన్న గింజను బొటనవేలి గోటితో నొక్కండి.

పాలు చిమ్మితే అది పాల కంకి. మన మక్క అయితే హై ప్రెషర్‌లో 10 నుంచి 12 నిమిషాలు. స్వీట్‌కార్న్ అయితే 2 లేదా 3 నిమిషాలే, అయిన వెంటనే ఆవిరి వదిలేయాలి.

పాలకు బదులు చిక్కటి పిండిలాగా వస్తే కంకి ముదురుతోందని అర్థం. 20 నుంచి 25 నిమిషాలు పెట్టండి. ఇలాంటి కంకిని స్టాండు మీద ఆవిరికి పెడితే సరిపోదు, నీళ్లలో మునిగేలా వేయాలి. పిండి ఉడకాలంటే గింజ నీళ్లు పీల్చుకోవాలి. టైమ్ అయ్యాక కూడా పది నిమిషాలు మూత ముట్టుకోవద్దు. నిజం చెప్పాలంటే ఈ దశలో ఉన్న కంకి ఉడకబెట్టడం కంటే గారెలకు బాగుంటుంది. మా ఇంట్లో గోరు కష్టంగా దిగే కంకులన్నీ రోలు దగ్గరికే వెళ్తాయి.

గోరు అసలు దిగకపోతే దాన్ని కంకిగా ఉడకబెట్టే ప్రయత్నం వద్దు. ఒలిచి ఎండబెడితే గట్కకు, గుడాలకు వస్తుంది. ఎండిన గింజలతో గుడాలు చేయాలంటే రాత్రంతా నానబెట్టి, 40 నుంచి 45 నిమిషాలు.

గ్యాస్ కుక్కర్ లెక్క అలవాటైన వాళ్లకు ఒక మాట. గ్యాస్ కుక్కర్‌లో పూర్తి ప్రెషర్ వచ్చినప్పుడు లోపల వేడి దాదాపు 120 డిగ్రీలు ఉంటుంది. ఎలక్ట్రిక్ కుక్కర్లు చాలావరకు అంతకంటే కొంచెం తక్కువ ప్రెషర్‌తో పనిచేస్తాయి, వేడి 115 డిగ్రీల దగ్గర ఉంటుంది. అందుకని మొదటి విజిల్ తర్వాత సన్న మంట మీద పావుగంట ఉంచే వాళ్లు ఇందులో ఇరవై నిమిషాలు పెట్టుకోవాలి. ఇంకోటి, మీరు పెట్టిన నిమిషాలు బటన్ నొక్కగానే మొదలు కావు. ప్రెషర్ నిండి మూత మీది చిన్న పిన్ పైకి లేచాకే లెక్క మొదలవుతుంది. ప్రెషర్ నిండడానికే పది పదిహేను నిమిషాలు పడుతుంది, చల్లటి నీళ్లు నిండుగా పోస్తే ఇంకా ఎక్కువ.

మూత తీశాక ఉడకలేదని తెలిస్తే టెన్షన్ పడొద్దు, పారేయొద్దు. నీళ్లు ఉన్నాయో లేదో చూసి, మూత పెట్టి ఇంకో 8 నిమిషాలు ఇవ్వండి. గిన్నె వేడిగానే ఉంటుంది కాబట్టి ఈసారి ప్రెషర్ త్వరగా వస్తుంది.

ఒకవైపు ఉడికింది, ఇంకోవైపు పచ్చిగా ఉంది

నీళ్లు తక్కువ పోసి, కంకులను కట్టెల మోపులాగా ఇరికించి పేర్చినప్పుడు ఇలా అవుతుంది. కొన్ని గింజలు నీళ్లలో ఉంటాయి, కొన్ని ఆవిరిలో, మధ్యలోవాటికి ఏదీ సరిగ్గా అందదు. కంకిని రెండు ముక్కలుగా విరిచి నిలబెట్టండి, లేదా అన్నీ మునిగేలా నీళ్లు పోయండి. మూడు లీటర్ల కుక్కర్‌లో నిండు కంకి అడ్డంగా పట్టదు, విరవక తప్పదు. బాగా లేతవి, ముదురువి ఒకేసారి కలిపి పెట్టొద్దు. కలిపి పెడితే ఏ టైమ్ పెట్టినా ఒకటి చెడుతుంది.

ప్రెషర్ రావడం లేదు, పక్కల నుంచి ఆవిరి పోతోంది

నల్లగొండలో ఉండే మా చెల్లె ఒకరోజు ఫోన్ చేసింది. "అక్కా, అరగంటయింది, పిన్ లేస్తనే లేదు, మూత పక్కల నుంచి పొగలొస్తున్నయ్." రబ్బరు రింగు తీసి చూడమన్నాను. రింగుకు, గిన్నె అంచుకు మధ్య మక్క పీచు పోగులు రెండు ఇరుక్కుని ఉన్నాయి. కంకులు గిన్నె మీదనే ఒలిచింది, పీచు అంచుకు అంటుకుంది. వెంట్రుక లాంటి పోగు చాలు, ప్రెషర్ నిలవదు. కంకులు వేరే పళ్లెంలో ఒలిచి, కడిగి, అప్పుడు గిన్నెలో వేయండి. మూత పెట్టే ముందు గిన్నె అంచును బట్టతో ఒకసారి తుడవండి.

పీచు లేకపోతే ఈ వరుసలో చూడండి. పైన ఆవిరి వదిలే మీట మూసే వైపు ఉందా. రింగు చుట్టూ సమానంగా కూర్చుందా, ఎక్కడైనా చీలిందా, సాగిందా. లోపల నీళ్లు కనీసం ఒక గ్లాసు, అంటే 250 మిల్లీలీటర్లు ఉన్నాయా. ఆరు లీటర్ల కుక్కర్‌కు గ్లాసున్నర. చివరగా పిన్. వేలితో కింది నుంచి తోస్తే పైకి లేచి మళ్లీ పడాలి.

మన బోరు నీళ్లు వాడే ఇళ్లలో పిన్ చుట్టూ తెల్లగా సున్నం పేరుకుంటుంది, అది బిగుసుకుపోతుంది. నిమ్మకాయ రసం కలిపిన వేడినీళ్లలో పిన్, దాని చిన్న రబ్బరు అరగంట నానబెట్టి, పాత టూత్‌బ్రష్‌తో రుద్దితే వదులుతుంది. స్టీల్ గిన్నె అడుగున వచ్చే తెల్లటి మరకలు కూడా ఇలాగే పోతాయి.

బోరు నీళ్ల మాట వచ్చింది కాబట్టి ఇదీ చెప్పాలి. ఫ్లోరైడ్ ఉన్న ఊళ్లలో కొందరు, ఎలాగూ మరుగుతాయి కదా అని వంటకు బోరు నీళ్లే పోస్తారు. మరిగిస్తే ఫ్లోరైడ్ పోదు. నీళ్లు ఆవిరైన కొద్దీ మిగిలిన నీళ్లలో ఇంకా చిక్కబడుతుంది. కంకులు మునిగేలా ఉడకబెట్టేటప్పుడు మిషన్ భగీరథ నీళ్లో, తాగడానికి తెచ్చుకున్న నీళ్లో వాడండి. ముఖ్యంగా పిల్లలు తినే ఇళ్లలో ఇది తేలిగ్గా తీసుకోవద్దు.

అడుగు మాడిందని కుక్కర్ ఆగిపోయింది

కంకులతో ఇది తక్కువే. అదే గిన్నెలో ముందు పోపు వేసి కడగకుండా కంకులు పెట్టినప్పుడు, లేదా తీపి కోసం నీళ్లలో చక్కెర, బెల్లం వేసినప్పుడు వస్తుంది. కుక్కర్ ఆపి, ప్రెషర్ పూర్తిగా పోయాక మూత తీసి, అడుగు గీకి, కొత్త నీళ్లు పోసి మళ్లీ పెట్టండి. చక్కెర వేయడం వల్ల కంకికి పెద్దగా తీపి రాదు. తెంపిన క్షణం నుంచి గింజలో చక్కెర పిండిగా మారడం మొదలవుతుంది, వేడికి ఇంకా తొందరగా మారుతుంది. పొద్దున తెంపి ఎండలో బండి మీద సాయంత్రం దాకా ఉన్న కంకికి ఏ కుక్కరూ తీపి తిరిగి తేలేదు. తెచ్చిన రోజే ఉడకబెట్టండి. వీలుకాకపోతే పొరలతోనే ఫ్రిజ్‌లో పెట్టండి.

ఆవిరి వదిలితే జిగురు నీళ్లు చిమ్ముతున్నాయి

ముదురు కంకుల నుంచి పిండి నీళ్లలోకి దిగి నురగ కడుతుంది. గిన్నె నిండా ఉంటే ఆ నురగ మీట గుండా పైకి తన్నుతుంది. గోడలు పాడవడం ఒక ఎత్తు, చేతులు కాలడం ఇంకో ఎత్తు. నీళ్లు, కంకులు కలిపి గిన్నెలో మూడింట రెండొంతులు దాటకూడదు. మునిగేలా పెట్టినప్పుడు వెంటనే ఆవిరి వదలొద్దు, పది నిమిషాలు ఆగి వదలండి. ఆగకుండా వదలాల్సింది స్టాండు మీద పెట్టిన స్వీట్‌కార్న్‌కే. అప్పుడు కూడా మీటను చేత్తో కాకుండా పొడుగు గరిట కాడతో తిప్పండి, మొహం దూరంగా పెట్టండి.

ఉప్పు పట్టలేదు

స్టాండు కింద నీళ్లలో ఉప్పు వేశారా? ఉప్పు ఆవిరితో పైకి రాదు, నీళ్లలోనే ఉండిపోతుంది. ఆవిరికి పెట్టిన కంకికి తీశాక వేడి మీదనే ఉప్పు, కారం, నిమ్మచెక్క రుద్దడమే దారి. గింజలోకి ఉప్పు దిగాలంటే ఉప్పునీళ్లలో ముంచి ఉడకబెట్టి, ఆ నీళ్లలోనే పావుగంట వదిలేయండి.

గింజలు ముడతలు పడ్డాయి, మెత్తగా అయిపోయాయి

టైమ్ అయ్యాక కుక్కర్ తనంతట తాను వేడిగా ఉంచే పద్ధతిలోకి వెళ్తుంది. పిల్లలు బడి నుంచి వచ్చేదాకా అని రెండు గంటలు అలాగే ఉంచితే స్వీట్‌కార్న్ నీరు కారి ముడుచుకుంటుంది. ఆ బటన్ ఆపేయండి, కంకులు బయటికి తీసి తడిబట్ట కప్పండి. మన మక్క మాత్రం దీన్ని కాసేపు ఓర్చుకుంటుంది.

మటన్ వాసన వస్తోంది

కంకి తప్పు కాదు, రబ్బరు రింగు వాసన పట్టుకుంటుంది. రెండో రింగు కొనుక్కుని ఒకటి నీసుకు, ఒకటి మిగతావాటికి ఉంచుకోవడమే సులువు.

పురుగు కనిపించింది

2018 నుంచి కత్తెర పురుగు మన మక్క చేలను పీడిస్తోంది. కంకి కొన దగ్గర రంపపు పొట్టులాంటి రెట్ట ఉంటే ఆ కొన కోసేయండి, మిగతా కంకి బాగానే ఉంటుంది. పొరలతో ఉడకబెడితే వాసన బాగుంటుందని మా అమ్మ అంటుంది, నిజమే. కానీ ఎవరి చేనిదో, ఏ మందు కొట్టారో తెలియని కంకిని పొరలు తీసి, కడిగి పెట్టడమే మంచిది. తెలిసిన చేనిదైతే లోపలి లేత పొర ఒకటి ఉంచి, టైమ్‌కు మూడు నిమిషాలు కలపండి.

మధ్యలో కరెంటు పోయింది

చాలా కుక్కర్లు కరెంటు పోయి వస్తే ఎంతసేపు ఉడికిందో మరచిపోతాయి. పిన్ లేచిన టైమ్ గుర్తుంచుకుంటే మిగిలిన నిమిషాలు మాత్రం పెట్టుకోవచ్చు. కరెంటు లేకపోయినా లోపల ప్రెషర్ అలాగే ఉంటుంది. పిన్ కిందికి పడేదాకా మూత తెరుచుకోదు, బలవంతంగా తిప్పొద్దు. ఈ కుక్కర్ దాదాపు వెయ్యి వాట్లు తీసుకుంటుంది. చిన్న ఇన్వర్టర్ మీద, సన్న వైరు ఎక్స్‌టెన్షన్ బోర్డు మీద పెట్టొద్దు, నేరుగా గోడకున్న పెద్ద ప్లగ్‌కే పెట్టండి.