మాలకొండ పోయే ముందు ఇవి చూసుకోండి

అన్నిటికంటే ముందు వారం చూసుకోండి. మాలకొండ నరసింహస్వామి దర్శనం శనివారం ఒక్కరోజే, మిగతా ఆరు రోజులు దేవతలూ ఋషులూ వచ్చి స్వామిని కొలుచుకుంటారని మనోళ్ల నమ్మకం. మేము ఒకసారి ఆదివారం సెలవు కదా అని కందుకూరు దాటి అంత దూరం పోయి, మూసిన తలుపుకే దణ్ణం పెట్టుకుని, కట్టుకెళ్లిన పులిహోర చెట్టు కింద తినేసి తిరిగొచ్చాం. తప్పు మాదే లెండి.

ఎండాకాలమైతే పొద్దున్నే చేరండి, పది దాటిందంటే బండ మీద కాలు పెట్టలేం. నీళ్లు, ముసలోళ్ల మాత్రలు మర్చిపోవద్దు.

అసలు జాగ్రత్త పైన అమ్మవారి గుడి దారిలో. రెండు పెద్ద బండల మధ్య సన్నటి సందు, అమ్మవారికి కొండే చీలి దారిచ్చిందని చెప్తారు, ఎంత లావు మనిషైనా దూరిపోతారని కూడా పేరు. అయినా వీపు బ్యాగు కిందే ఎవరికైనా ఇచ్చేసి పోండి, సెల్లు పైజేబులో పెట్టుకోవద్దు, చంటిబిడ్డని చంకలో కాకుండా ముందుకి పట్టుకుని పక్కవాటుగా నడవండి. మా అమ్మ మధ్యలో ఆగిపోయి రాయికి చెయ్యానించి "గోవిందా" అనుకుంటా ఊపిరి బిగబట్టింది, వెనకోళ్లు తోసేసరికి మోచెయ్యి గీరుకుపోయింది. ఆయాసం, భయం ఉన్నోళ్లు కింద స్వామిని చూసుకుంటే చాలు, అమ్మవారేం అలగదు.

కొబ్బరిచిప్పలు సంచిలో దాచుకోండి, కోతులకి కనపడితే మీకు మిగలవు.