ఈజిప్టు గోడల మీది డేగ, రాబందు, గద్ద: ఏ పక్షి ఏం చెబుతుందో చదవడం ఎలా?

ఈజిప్టు గుడి గోడ ఫొటో ఏది తీసుకున్నా అందులో ఎక్కడో ఒకచోట వంకర ముక్కు పక్షి కనిపిస్తుంది. మనలో చాలామంది "అదిగో గద్ద" అనేసి పక్క ఫొటోకి వెళ్లిపోతారు. నేనూ చాలా ఏళ్లు అలాగే చూశాను. తర్వాత తెలిసింది, ఆ గోడ మీద ఉన్నవి మూడు వేర్వేరు పక్షులని, అవి చెప్పేవి మూడు వేర్వేరు మాటలని. డేగ అంటే రాజు. రాబందు అంటే తల్లి. గద్ద అంటే పోయినవాళ్ల కోసం ఏడ్చే ఆడమనిషి. ఈ మూడింటినీ విడదీయడం వస్తే సగం పని అయిపోయినట్టే. మ్యూజియంకి వెళ్లేవాళ్లకి, ఈజిప్టు టూర్ ప్లాన్ చేసుకునేవాళ్లకి, ఇంట్లో కూర్చుని ఫొటోలు చూసేవాళ్లకి కూడా పనికొచ్చేలా ఆ పద్ధతి చెబుతాను.

మొదట: మన అలవాట్లను కాసేపు పక్కన పెట్టండి

మనకి గరుత్మంతుడు తెలుసు కాబట్టి డేగ తల ఉన్న దేవుణ్ణి చూడగానే ఆయనే గుర్తొస్తాడు. ఆ పోలిక ఇక్కడ పనిచేయదు. గరుత్మంతుడు విష్ణువును మోస్తాడు. ఈజిప్టువాళ్ల డేగ దేవుడు హోరస్ ఎవరినీ మోయడు. ఆయనే దేవుడు, సింహాసనం మీద బతికున్న ప్రతి రాజూ ఆయన రూపమే.

రాబందు విషయంలో ఇంకా జాగ్రత్త కావాలి. "రాబందుల్లా వాలిపోయారు" అనేది మన భాషలో తిట్టు. ఈజిప్టులో అదే పక్షిని పట్టపురాణులు బంగారంతో చేయించుకుని తల మీద పెట్టుకున్నారు. ఆ తిట్టును మనసులో పెట్టుకుని చూస్తే ఆ కిరీటం మనకి అర్థం కాదు.

రెండో పని: పక్షిని పక్షిగా గుర్తుపట్టండి

ఫోన్‌లో ఒక బైరి డేగ ఫొటో పెట్టుకోండి. తల, ఛాతీ దగ్గరగా కనిపించేది అయితే మంచిది. కంటి కింద నుంచి చెంప మీదకి మీసంలా దిగే నల్లటి చార కనిపిస్తుంది. ఈజిప్టు కళాకారుడు డేగను చెక్కినా, రంగులు వేసినా సాధారణంగా ఆ చారను వదిలిపెట్టడు. నిటారుగా నిలబడ్డ ఒళ్లు, పొట్టి మెడ, వెనక్కి ముడుచుకున్న పొడవాటి రెక్కలు, చెంప మీద చార ఉంటే అది డేగ.

రాబందుకి మెడ పొడుగ్గా ఉంటుంది, వీపు కాస్త వంగి ఉంటుంది, ముక్కు బరువుగా కిందికి దిగుతుంది. రెక్కలు విప్పి చూపించేటప్పుడు వాటి వెడల్పే ముందు కళ్లలో పడుతుంది. గద్దను మాత్రం ఒంటి తీరు కన్నా అది ఉన్న చోటును బట్టి పట్టుకోవడం తేలిక. ఆ సంగతి కొంచెం కిందికి వచ్చాక చెబుతాను.

మూడో పని: కన్ను ఉంటే దాని దగ్గర ఆగండి

తాయెత్తుల మీద, నగల మీద, ఇప్పుడు టీషర్టుల మీద కూడా కనిపించే "హోరస్ కన్ను"ను ఎప్పుడైనా దగ్గరగా చూశారా? పైన కనుబొమ్మ, దాని కింద కాటుక పెట్టినట్టున్న మనిషి కన్ను. కంటి కింద నుంచి మాత్రం రెండు గీతలు బయల్దేరుతాయి. ఒకటి నిలువుగా చెంప మీదికి దిగుతుంది, ఇంకొకటి ఏటవాలుగా వెనక్కి వెళ్లి చివర్లో చుట్ట చుట్టుకుంటుంది. మనిషి ముఖం మీద అలాంటి గీతలు ఉండవు. అవి డేగ చెంప మీది గుర్తులు. మనిషి కన్నుకి డేగ చెంపను అతికించి ఒకే గుర్తు తయారుచేశారు. ఇందాకటి బైరి డేగ ఫొటో పక్కన పెట్టుకుని చూడండి, ఈజిప్టువాళ్లు ఆ పక్షిని ఎంత శ్రద్ధగా గమనించారో తెలుస్తుంది. నాకు ఈ మొత్తం విషయంలో అన్నిటికన్నా ఇష్టమైన చోటు ఇదే.

ఆకాశమంత డేగ అయిన హోరస్‌కి కుడి కన్ను సూర్యుడు, ఎడమ కన్ను చంద్రుడు. పినతండ్రి సేత్‌తో రాజ్యం కోసం జరిగిన పోరులో హోరస్ కన్ను దెబ్బతింది. దాన్ని జ్ఞానదేవుడు తోత్ బాగుచేశాడు. అందుకే ఆ కన్నుకి "వెజత్" అని పేరు, అంటే లోపం లేకుండా పూర్తిగా బాగున్నది అని. చంద్రుడు తరిగి మళ్లీ నిండడం కూడా ఈ కథలో కలిసిపోయింది. మమ్మీ చేసేటప్పుడు పొట్ట పక్కన కోసిన చోట వెజత్ చెక్కిన రేకు పెట్టడం వెనక ఉన్న ఆశ కూడా ఇదే, తెగింది మళ్లీ అతుక్కోవాలని.

ఆ కన్నులోని ముక్కలు సగం, పావు, అరపావు లాంటి భిన్నాల గుర్తులని నెట్‌లో చాలాచోట్ల రాస్తారు. పాత పుస్తకాల నుంచి వచ్చిన మాట అది. ఆ భిన్నాల గుర్తులు కన్ను ముక్కల నుంచి పుట్టలేదని ఈమధ్య పరిశోధకులు చూపించారు. దాన్ని ఫార్వర్డ్ చేయకండి.

నాలుగో పని: డేగ దేని మీద ఉందో, తల మీద ఏముందో చూడండి

రాజభవనం ముఖద్వారంలా గీసిన నిలువు పెట్టె, అందులో రాజు పేరు, పెట్టె పైన డేగ. దీన్ని "సెరెఖ్" అంటారు. రాజు పేర్లు రాయడంలో అన్నిటికన్నా పాత పద్ధతి ఇది. పారిస్‌లోని లూవ్ర్ మ్యూజియంలో ఉన్న జెట్ రాజు శిలాఫలకం దీనికి చక్కటి ఉదాహరణ. పెట్టెలో పాము ఆయన పేరు, పైన డేగ ఆయన అధికారం. రెండో రాజవంశానికి చెందిన పెరిబ్సెన్ అనే రాజు డేగను తీసేసి ఆ చోట సేత్ జంతువును పెట్టాడు. అదే వంశంలోని ఖాసెఖెమ్వి రెండింటినీ పక్కపక్కన నిలబెట్టాడు. అంటే పెట్టె మీద ఏ ప్రాణి కూర్చుందన్నది వాళ్లకి అంత పెద్ద విషయం.

డేగ రాజు తల వెనక ఉందా? అయితే గిజా పిరమిడ్లలో రెండోదాన్ని కట్టించిన ఖఫ్రే విగ్రహాన్ని గుర్తుచేసుకోండి. 1860లో దొరికింది, ఎత్తు సుమారు 168 సెంటీమీటర్లు, ముదురు రంగు గట్టి రాయి. ఎదురుగా నిలబడితే రాజు ఒక్కడే కనిపిస్తాడు. పక్కకి నాలుగడుగులు వేస్తే ఆయన తల వెనక ఒక డేగ, రెండు రెక్కలతో తలను పొదివి పట్టుకుని ఉంటుంది. పిల్లాడి తల వెనక తండ్రి చెయ్యి పెట్టినట్టు ఉంటుంది ఆ తీరు. ఇలాంటి విగ్రహాన్ని ఎప్పుడూ ముందు నుంచి ఒక్క ఫొటో తీసుకుని వదిలేయకండి, చుట్టూ తిరగండి.

మనిషి ఒంటికి డేగ తల ఉంటే అది హోరస్ అని వెంటనే రాసేసుకోవద్దు. తల మీదికి చూడాలి. ఎరుపు తెలుపు కలిసిన జంట కిరీటం ఉంటే హోరస్. నాగు చుట్టుకున్న సూర్యబింబం ఉంటే సూర్యదేవుడు రా-హోరఖ్తి. ఆ బింబంతో పాటు రెండు పొడవాటి ఈకలు నిలబడి ఉంటే యుద్ధదేవుడు మోంటు. నెలవంకలో నిండు చంద్రుడు ఉంటే చంద్రదేవుడు ఖోన్సు. ఒళ్లంతా గుడ్డలు చుట్టి మమ్మీలా ఉంటే పాత రాజధాని మెంఫిస్ శ్మశానాల దేవుడు సోకర్ అయ్యే అవకాశం ఎక్కువ. మమ్మీ పక్కన పెట్టే నాలుగు జాడీల్లో డేగ మూత ఉన్నది హోరస్ కొడుకు కెబెహ్సెనూఫ్‌ది, అందులో పేగులు దాచేవారు.

రాజు చనిపోతే డేగ ఆకాశానికి ఎగిరిపోయిందని చెప్పేవారు. లక్సర్ దగ్గర సమాధులు తొలిచిన పనివాళ్ల ఊళ్లో రాతి పెంకు మీద రాసుకున్న ఒక చీటీ దొరికింది. రెండో సేతి రాజు పోయాడన్న కబురు అందులో ఇదే మాటతో ఉంది. మనం "స్వర్గస్తులయ్యారు" అన్నట్టే.

ఐదో పని: రాబందు కనిపిస్తే కాళ్ల వైపు, కప్పు వైపు చూడండి

నైలు తూర్పు ఒడ్డున నెఖెబ్ అనే ఊరు, ఇప్పుడు ఎల్ కాబ్ అంటారు. అక్కడి దేవత నెఖ్బెట్, రాబందు రూపం, దక్షిణ ఈజిప్టు అంతటికీ రక్షకురాలు. ఉత్తరానికి నాగదేవత వాజెట్. టుటన్‌ఖామున్ బంగారు ముసుగు నుదుటి మీద రాబందు తల, నాగు పడగ పక్కపక్కన ఉండేది ఇందుకే. ఆ రెండు తలలూ కలిపి చదివితే "రెండు దేశాలకీ ఒకే రాజు" అని అర్థం.

రాబందు కాలి గోళ్లలో చాలాసార్లు ఒక గుండ్రటి ఉంగరం లాంటిది ఉంటుంది. తాడును చుట్టి చివర్లు ముడివేసిన ఆకారం అది, పేరు "షెన్". మొదలూ చివరా లేనిదని, రాజుకి అంతులేని కాలం ఇస్తున్నామని చెప్పడం. గుడిలో నడుస్తున్నప్పుడు తల పైకెత్తడం మరిచిపోవద్దు. కోమ్ ఓంబో గుడి నడవ కప్పు మీద రెక్కలు చాచిన రాబందులు వరసగా ఉన్నాయి, రంగులు ఇంకా పోలేదు. వాటి రెక్కల నీడలోంచే లోపలికి నడుస్తాం.

"తల్లి" అనే మాటను ఈజిప్టు లిపిలో రాబందు బొమ్మతోనే రాసేవారు. థీబ్స్ (ఇప్పటి లక్సర్) దేవత ముత్ పేరు కూడా అదే బొమ్మ. రాబందుల్లో మగవి ఉండవని, గాలి వల్లే గుడ్లు పెడతాయని తర్వాతి కాలంలో గ్రీకులో రాసినవాళ్లు చెప్పారు. అది నిజం కాదు. తన పిల్లను విశాలమైన రెక్కల కింద కప్పుకునే పక్షిని రోజూ చూసేవాళ్లకి అమ్మ గుర్తురావడానికి అంత పెద్ద కథ అక్కర్లేదని నాకనిపిస్తుంది. నెఫెర్తారి రాణి సమాధి గోడల మీద ఆమె తలను బంగారు రాబందు రెక్కలు రెండు వైపులా కప్పి ఉంటాయి. చెవుల పక్కగా దిగే ఆ రెక్కల అంచులను ఒకసారి జూమ్ చేసి చూడండి.

ఆరో పని: శవపేటిక దగ్గర రెండు పక్షులుంటే చప్పుడు ఊహించుకోండి

మధ్యాహ్నం పూట మన ఊళ్ల మీద తిరిగే నల్ల గద్ద అరుపు విన్నారు కదా, సాగదీసి వణికే సన్నటి కూత. నైలు మీద తిరిగేదీ ఆ జాతి గద్దే. ఈజిప్టువాళ్లకి ఆ కూత చావు ఇంట్లో ఆడవాళ్ల ఏడుపులా వినిపించింది. అందుకే హోరస్ తండ్రి ఒసిరిస్ చనిపోయినప్పుడు భార్య ఐసిస్, చెల్లెలు నెఫ్తిస్ గద్దలై ఆయన కోసం వెతికారు, ఏడ్చారు. పాడె మీద తల దగ్గర ఒక పక్షి, కాళ్ల దగ్గర ఒక పక్షి ఉంటే అవి ఈ అక్కాచెల్లెళ్లే. అబిడోస్‌లో మొదటి సేతి గుడి గోడ మీద ఐసిస్ గద్ద రూపంలో భర్త దేహం మీద వాలుతుంది, అక్కడే హోరస్ కడుపున పడతాడు. గద్ద ఏడుపులోంచి డేగ పుట్టింది.

ఏడో పని: బొమ్మ దేవుడా, అక్షరమా తేల్చుకోండి

వరసగా చిన్న చిన్న గుర్తుల మధ్య ఉన్న పక్షి చాలాసార్లు ఉత్త అక్షరం. తెల్ల రాబందు (చెంగల్పట్టు దగ్గర పక్షితీర్థంలో పూజారులు ప్రసాదం పెట్టిన పక్షులు ఈ జాతివే) గొంతులోంచి వచ్చే ఒక శబ్దానికి గుర్తు. గుడ్లగూబ "మ" అక్షరం. ఒళ్లు పక్కకి, ముఖం మాత్రం మనవైపు తిప్పి ఉంటుంది కాబట్టి దాన్ని గుర్తుపట్టడం సులువు. దానికి దేవుడి హోదా వెతకకండి. పక్షులు ఏ వైపు చూస్తున్నాయో ఆ వైపు నుంచే పంక్తి మొదలవుతుంది. ఈ ఒక్క కిటుకు తెలిస్తే గోడ ఎటు నుంచి చదవాలో తెలిసిపోతుంది.

మమ్మీలు, జెండాలు: రెండు జాగ్రత్తలు

ప్రాచీన ఈజిప్టు చివరి శతాబ్దాల్లో భక్తులు డేగల మమ్మీలను కొని గుళ్లకి సమర్పించేవారు. సక్కారాలో వాటికోసం తొలిచిన సొరంగాలు ఉన్నాయి. డేగ ఆకారం ఉన్నంత మాత్రాన లోపల డేగే ఉందనుకోవద్దు. ఇంగ్లండ్‌లోని మెయిడ్‌స్టన్ మ్యూజియంలో డేగ మమ్మీ అని చీటీ ఉన్న ఒక చిన్న మూటను 2016లో స్కాన్ చేస్తే లోపల ఉన్నది నెలలు నిండకుండా పోయిన పసిగుడ్డు. ఆ మూట మీద డేగ ముఖం పెట్టినవాళ్లు దాన్ని ఎవరి రెక్కల కిందికి పంపాలనుకున్నారో తలుచుకుంటే మనసు బరువెక్కుతుంది. ఈజిప్టు మమ్మీని మన దగ్గరే చూడాలంటే హైదరాబాద్ నాంపల్లి పబ్లిక్ గార్డెన్స్ మ్యూజియంలో ఒకటి ఉంది.

ఇప్పటి ఈజిప్టు జెండా మధ్యలో ఉన్న పక్షి హోరస్ కాదు. అది మధ్యయుగపు సుల్తాన్ సలాదిన్ పేరు మీదున్న గరుడపక్షి (ఈగిల్), 1952 విప్లవం తర్వాత వచ్చిన అరబ్ గుర్తు. మధ్యలో కొన్నాళ్లు, 1972 నుంచి 1984 వరకు, ఖురైష్ (ప్రవక్త ముహమ్మద్ తెగ) డేగ ఉండేది. హోరస్‌ను చూడాలంటే ఈజిప్ట్‌ఎయిర్ విమానం తోక మీద చూడండి.

ఇప్పుడు మీరే చదవండి

నార్మర్ అనే తొలినాటి రాజు రాతి పలక ఫొటో తెరవండి. సుమారు క్రీ.పూ. 3100 నాటిది, డేగ దేవుడి సొంత ఊరు నెఖెన్‌లో దొరికింది. రాజు గద ఎత్తి శత్రువును కొట్టబోతున్న వైపు తిప్పండి. రాజు ముఖానికి ఎదురుగా, కుడి పక్కన పైన చూడండి. ఒక డేగ. దాని కింద నేల చదునుగా ఉంది, ఆ నేలకి ఒక చివర మనిషి తల మొలిచింది. నేల వీపు మీద ఆరు పపైరస్ (నీళ్లలో పెరిగే తుంగ జాతి మొక్క) కాండాలు. పపైరస్ అంటే ఉత్తరాన ఉన్న చిత్తడి డెల్టా. ఒక్కో కాండం వెయ్యికి గుర్తని, ఆరువేలమంది బందీలని కొందరు చదువుతారు. ఇక డేగ కాళ్లు చూడండి. ఒక కాలు కాండాల మీద ఆనింది. రెండోదాని చోట మనిషి చెయ్యి ఉంది, ఆ చేతిలో తాడు. తాడు ఎక్కడికి వెళ్లిందో వేలుపెట్టి అనుసరించండి. ఎద్దుకి ముకుతాడు వేసినట్టు, ఆ నేల ముక్కులోకి వెళ్లింది.