స్త్రీ, పురుషులు తలపడే సబ్మిషన్ గ్రాప్లింగ్ పోటీని నడిపే పద్ధతి

గుద్దులు, తన్నులు లేకుండా కేవలం పట్లతో ఎదుటివారిని లొంగదీసుకునే కుస్తీని సబ్మిషన్ గ్రాప్లింగ్ అంటారు. మన పాత కుస్తీలో వీపు నేలకు ఆనితే ఓడినట్టే. ఇందులో వెల్లకిలా పడినంత మాత్రాన ఓటమి లేదు సరికదా, అసలు ఆట చాలాసార్లు అక్కడి నుంచే మొదలవుతుంది. మెడను బిగించి గాని, మోచేయి, భుజం, చీలమండ వంటి కీళ్లను వాటి హద్దు దాకా లాగి గాని పట్టు వేస్తే, అందులో చిక్కినవారు చేత్తో తట్టి ఓటమి ఒప్పుకుంటారు. ఆ తట్టడాన్నే ట్యాప్ అంటారు.

ఉత్తరాంధ్రకు బలవిద్య కొత్తది కాదు. వీరఘట్టంలో పుట్టి, విజయనగరంలో కసరత్తు నేర్చి, అక్కడే వ్యాయామోపాధ్యాయుడిగా పనిచేసిన కోడి రామమూర్తి నాయుడి పేరు శ్రీకాకుళం స్టేడియానికి ఉంది. ఆ జిల్లా నుంచే వెళ్లిన కరణం మల్లీశ్వరి 2000లో సిడ్నీ ఒలింపిక్స్‌లో బరువులెత్తి కాంస్యం తెచ్చింది. ఆడవారు మగవారితో కుస్తీ పట్టడమూ మన దేశం ఎరగనిది కాదు. 1954లో హమీదా బాను బరోడాలో బాబా పహల్వాన్‌ను 1 నిమిషం 34 సెకన్లలో ఓడించింది. అయినా నేటి పెద్ద పోటీలు ఈ పద్ధతిని పాటించవు. 1998లో మొదలైన ఏడీసీసీ అనే సబ్మిషన్ గ్రాప్లింగ్ ప్రపంచ పోటీల్లోనూ, నేలమీది పట్లే ప్రధానమైన బ్రెజిలియన్ జుజుత్సు అనే కుస్తీకి ఉన్న అంతర్జాతీయ సమాఖ్య పోటీల్లోనూ పెద్దవారికి స్త్రీ, పురుష విభాగాలు వేరువేరుగానే ఉంటాయి. కాబట్టి విజయనగరంలోనో శ్రీకాకుళంలోనో ఒక శిక్షణ కేంద్రం ఇలాంటి పోటీ పెడితే, అది ఇరుపక్షాల ఇష్టంతో జరిగే ప్రత్యేక పోటీ అని ముందే చెప్పాలి. పద్దెనిమిదేళ్లు నిండనివారిని ఇందులో దింపకూడదు.

జోడీ కుదర్చడంలోనే సగం పని ఉంది. బరువు సమానమైతే న్యాయం జరిగినట్టేనని చాలామంది అనుకుంటారు, అది పొరపాటు. ఒకే బరువున్న స్త్రీ, పురుషులలో సగటున పురుషుడికి కండ ఎక్కువగా ఉంటుంది, ఆ తేడా కాళ్లలో కంటే భుజాలలో, చేతులలో, ముఖ్యంగా పిడికిలి పట్టులో బాగా కనబడుతుంది. అందువల్ల పురుషుడు ఆమె కంటే ఒక్క కిలో కూడా ఎక్కువ ఉండకూడదని, వీలైతే నాలుగైదు కిలోలు తక్కువ ఉండాలని నేను పట్టుబడతాను. అలా కుదరకపోతే సాధనలో ఆమెది పైచేయి అయి ఉండాలి. నాలుగేళ్లు సాధన చేసిన యువతికీ, ఆరు నెలల కిందట చేరిన కుర్రవాడికీ మధ్య జరిగే పోటీ చూడదగ్గదిగా ఉంటుంది. అదే సాధన ఇద్దరికీ సమానమై, బరువు అతడి వైపు పది కిలోలు మొగ్గితే అది పోటీ అనిపించుకోదు. బరువు పోటీ రోజు ఉదయమే తూచాలి. ముందురోజు తూస్తే నీళ్లు మానేసి బరువు దించుకునే అలవాటు మొదలవుతుంది. మన వేసవి ఉక్కలో అది ప్రమాదం. తూచిన తరువాత చోడి అంబలో, ఉప్పు వేసిన మజ్జిగో తాగి తేరుకోవడానికి రెండు గంటల వ్యవధి ఇవ్వాలి.

నియమాల విషయానికి వస్తే, ఆరు నిమిషాల ఒకే ఆట, పాయింట్లు లేకుండా లొంగుబాటు మీదనే తీర్పు, ఎవరూ లొంగకపోతే సమానం అన్న ఏర్పాటు మంచిది. పడగొట్టినందుకు, పైకెక్కి కూర్చున్నందుకు పాయింట్లు ఇచ్చే పద్ధతిలో బలం ఎక్కువున్నవారు ఎదుటివారిని అదిమిపెట్టి కాలం గడిపేయగలరు. నిలబడి తలపడటం కూడా బలానికే కలిసివస్తుంది కనుక, బొమ్మా బొరుసా వేసి, గెలిచినవారు కూర్చుని మొదలుపెడతారో నిలబడి మొదలుపెడతారో ఎంచుకునేలా చేయవచ్చు. మడమను మెలిపెట్టే హీల్ హుక్‌ను పూర్తిగా నిషేధించాలి. ఆ పట్టులో నొప్పి తెలిసేలోపే మోకాలి లోపల ఎముకలను కలిపి ఉంచే లిగమెంట్లు తెగిపోవచ్చు. మెడను పక్కకు విరిచే పట్లు, ఒకటి రెండు వేళ్లను పట్టుకుని వంచడం, పైకెత్తి నేలకు కొట్టడం కూడా కూడవు. చివరిదాని గురించి ఒక మాట. నేను మధ్యవర్తిగా నిలిచిన ఒక పోటీలో ఒక అమ్మాయి కిందనుంచి ట్రయాంగిల్ పట్టు, అంటే ఎదుటివారి మెడను, ఒక చేతిని కలిపి కాళ్లతో బిగించే పట్టు, చక్కగా వేసింది. కుర్రవాడు కంగారులో ఆమెను అమాంతం నడుము ఎత్తు లేపాడు. వెంటనే ఆపాను. అతడిలో దురుద్దేశం లేదు, కాని తల కిందుగా ఉన్న మనిషిని వదిలితే ఏమవుతుందో ఆలోచించే తీరిక ఆ క్షణంలో ఎవరికీ ఉండదు. అందుకే కింద ఉన్నవారిని ఎత్తడంతో వారి వీపు మ్యాట్ నుంచి లేచిన వెంటనే ఆట ఆపే అధికారం మధ్యవర్తికి ఉండాలి.

ట్యాప్ గురించి పోటీదారులిద్దరికీ ఎన్నిసార్లు చెప్పినా ఎక్కువ కాదు. చేత్తో ఎదుటివారి ఒంటిమీద తట్టవచ్చు, మ్యాట్ మీద తట్టవచ్చు, చేతులు చిక్కుకుంటే కాలితో తట్టవచ్చు, నోటితో ‘ట్యాప్’ అనవచ్చు. నొప్పితో కేక వేసినా దాన్ని ట్యాప్‌గానే లెక్కించాలి. ఇక్కడ మగవారి అహం అడ్డం వస్తుంది. ఆడపిల్ల చేతిలో తట్టానన్న మాట పడలేక, చేతిని చాచి మోచేతిని వెనక్కి వంచే ఆర్మ్‌బార్ పట్టులో మోచేయి విరిగేదాకా ఓర్చుకునేవారు ఉంటారు. అందువల్ల చేయి పూర్తిగా చాచుకుని, తప్పించుకునే దారి లేదని మధ్యవర్తికి తోచితే, తట్టకపోయినా ఆట ముగించాలని నియమంలో రాయాలి. వెనుకనుంచి మెడకు రెండు వైపులా సరిగా బిగించిన పట్టులో మనిషి పది సెకన్ల లోపే స్పృహ తప్పవచ్చు. ఒళ్లు సడలిందని అనిపించగానే పట్టు విడిపించి, వెల్లకిలా పడుకోబెట్టి, కాళ్లు కొద్దిగా పైకి ఎత్తి ఉంచాలి. సాధారణంగా కొన్ని సెకన్లలోనే తెలివి వస్తుంది. రాకపోతే 108కి ఫోన్ చేయాలి. తెలివి వచ్చినా ఆ రోజుకు మళ్లీ బరిలోకి దింపకూడదు.

ఆమె ఎలా ఆడాలి? అతడి చేతులతో తన చేతులను పోటీ పెట్టకూడదు. అతడి ఒక్క చేతిమీద తన రెండు చేతులూ, రెండు కాళ్లూ పనిచేసేలా ఆర్మ్‌బార్, ట్రయాంగిల్ వంటి పట్లను ఎంచుకోవాలి. ఎదురుగా ఛాతీకి ఛాతీ ఆనించి ఇరుక్కోకుండా పక్కకు జారి, వీపు వెనక్కి చేరాలి. మొదటి రెండు నిమిషాలు అతడు బలమంతా పోసేస్తాడు, అప్పుడు ఊపిరి దాచుకున్నవారికి తరువాతి నాలుగు నిమిషాలు కలిసివస్తాయి. అతడి సంగతి వేరు. కావాలని వదిలేస్తూ ఆడితే అది ఆమెను కించపరచడమే అవుతుంది, కండతో నలిపేస్తే విద్య లేదని ఒప్పుకున్నట్టవుతుంది. పూర్తి నేర్పుతో ఆడాలి, పట్టు దొరికాక మాత్రం కుదుపుతో కాక మెల్లగా బిగించాలి.

ఈ ఆటలో శరీరాలు దగ్గరగా తగలడం తప్పదు. కాళ్ల మధ్య బిగించి పట్టుకునే గార్డ్, ఛాతీమీద కూర్చునే మౌంట్ ఇవన్నీ మామూలు స్థితులు. ఈ సంగతి తెలియని తల్లిదండ్రులు పోటీ రోజునే మొదటిసారి చూస్తే నొచ్చుకుంటారు, కనుక నెల ముందే వారిని పిలిచి సాధన చూపించాలి. పోటీదారుల అంగీకారాన్ని రాతపూర్వకంగా తీసుకోవాలి. పూర్తి చేతులున్న, ఒంటికి అతుక్కునే ర్యాష్ గార్డ్ చొక్కా, షార్ట్స్ కింద కాళ్లకు అతుక్కునే లెగ్గింగ్స్ ఇద్దరికీ తప్పనిసరి. బరువు తూచడం, చర్మం మీద తామర వంటివి ఉన్నాయేమో చూడటం స్త్రీలకు స్త్రీలే చేయాలి. ఫోన్లతో వీడియో తీయడాన్ని ప్రేక్షకులకు నిషేధించి, కేంద్రం తీసిన వీడియోను ఇద్దరి అనుమతితోనే బయట పెట్టాలి. వెకిలి కూతలు వినబడితే ఆట ఆపి, ఆ మనిషిని బయటకు పంపి, ఆపిన సమయాన్ని కలిపి మళ్లీ మొదలుపెట్టించాలి.

మ్యాట్ కనీసం ఎనిమిది మీటర్లు పొడవు, అంతే వెడల్పు, నాలుగు సెంటీమీటర్ల మందం ఉండాలి, ముక్కల మధ్య కాలివేలు దిగే సందు ఉండకూడదు. ఎండాకాలంలో పోటీని తెల్లవారి ఏడు గంటలకే మొదలుపెట్టి పది లోపు ముగించడం మేలు. ప్రతి ఆట తరువాత చెమటను పొడిగుడ్డతో తుడిచి, అన్నీ అయ్యాక బ్లీచింగ్ కలిపిన నీళ్లతో మ్యాట్‌ను కడిగి, పూర్తిగా ఆరిన తరువాతే చుట్టిపెట్టాలి. తడిగా చుట్టిన మ్యాట్ వారం తిరిగేసరికి సాధనకు వచ్చినవారందరికీ తామర అంటిస్తుంది.