పక్క పోర్షన్లో అరుపులు వినిపిస్తే మగవాళ్లు చేయాల్సిన పని

నేను విజయవాడ ఆటోనగర్‌లో లారీల కింద కుదుపులు ఆపే కమాన్ కట్టలు బిగించే మేస్త్రీని. ఉండేది పటమటలో, మూడు పోర్షన్ల ఇంట్లో. ఆరేళ్ల కిందట పక్క పోర్షన్ అతను రాత్రుళ్లు భార్యను కొట్టేవాడు. గోడ అవతల పళ్లెం పడ్డ చప్పుడు, వెంటనే ఆ అమ్మాయి ఏడుపు. మొగుడూపెళ్లాల గొడవ మనకెందుకని నేను టీవీ సౌండు పెంచేవాణ్ని. ఒక రాత్రి మా ఆవిడ రిమోటు లాక్కుని టీవీ కట్టేసింది. ఏమీ అనలేదు.

లేచి వెళ్లి తలుపు కొట్టాను. ఏమనాలో తోచక "మోటారు మీరేనా వేసింది? ట్యాంకు పొర్లిపోతోంది" అన్నాను. ట్యాంకు సగం కూడా నిండలేదు. కానీ కొట్టడం ఆగింది.

కాబట్టి ముందు తలుపు కొట్టండి. బండి అడ్డంగా ఉందనండి, సాకు ఏదైనా ఫర్వాలేదు. లోపలికి దూరి చొక్కా పట్టుకోవద్దు, మీరు వెళ్లాక ఆ కోపం ఆమె మీదే తీర్చుకుంటాడు. ఒక్కరే వెళ్లొద్దు, ఇంట్లో ఆడవాళ్లను వెంటబెట్టుకోండి. లేకపోతే "నా పెళ్లాంతో నీకేం పని" అంటాడు, ఆ అనుమానానికీ దెబ్బలు ఆమెకే. కత్తో రక్తమో కనిపిస్తే సాకులు మాని 112కి ఫోన్ చేయండి.

అతనితో మాట్లాడేది మర్నాడు, తాగి లేనప్పుడు, విడిగా. నేను మొదటిసారి టీ కొట్టు దగ్గర నలుగురిలో అడిగి తప్పు చేశాను. పరువు పోయిందని ఆ సాయంత్రం ఇంకా రెచ్చిపోయాడు. తర్వాత బండెక్కించుకుని బందరు కాలవ గట్టుకు తీసుకెళ్లాను. "తాగితే ఒళ్లు తెలియదు అన్నా" అన్నాడు. "తాగి మీ ఓనర్ని ఎప్పుడైనా కొట్టావా?" అని అడిగాను. జవాబు లేదు. మళ్లీ వినిపిస్తే మళ్లీ వస్తానని, పోలీసులకూ చెప్తానని అన్నాను.

రెండు నెలలు బాగానే ఉన్నాడు. తర్వాత మళ్లీ మొదలు. ఇలా జరుగుతుందని ముందే అనుకోండి.

ఈలోపు ఆ అమ్మాయితో మా ఆవిడ మాట్లాడింది. ఏం చేయాలో తేల్చుకోవాల్సింది ఆమె. మనం పెద్దమనుషుల్ని పోగేసి "సర్దుకుపోమ్మా" అనిపించొద్దు. 181 నంబరు ఇవ్వండి, మహిళల హెల్ప్‌లైన్ అది. 2005 గృహ హింస చట్టం ప్రకారం పక్కింటివాళ్లు కూడా రక్షణ అధికారికి (ఇలాంటి ఆడవాళ్లకు సాయం చేయడానికి ప్రభుత్వం పెట్టిన అధికారి) సమాచారం ఇవ్వొచ్చు, మంచి ఉద్దేశంతో చెప్పినవాళ్ల మీదికి ఏమీ రాదు. ఇల్లు భర్త పేరున ఉన్నా ఆమెను ఇష్టమొచ్చినట్టు గెంటడానికి లేదు. చివరికి ఆ అమ్మాయే 181కి ఫోన్ చేసింది. ఇప్పుడు తెనాలిలో పుట్టింట్లో ఉంటూ మిషను కుడుతోంది.

ఇక నేను పనిచేసే షెడ్డు సంగతి. ఇది నాకు అన్నిటికన్నా కష్టమైంది. పెళ్లాల మీద జోకులకు నవ్వడం మానేయొచ్చు, అది తేలికే. నోటికి అలవాటైన మాట పోదు. తుప్పు పట్టిన నట్టు ఊడకపోతే కుర్రాళ్లని "గాజులు తొడుక్కున్నావేంట్రా, మగాడివి కాదా" అనేవాణ్ని. ఆ మాట పడ్డవాడు ఆ ఉక్రోషం ఇంటికి మోసుకెళ్తాడు. ఇప్పుడు నాలిక చివరిదాకా వచ్చినా మింగేసి, "పానాకు పైపు తొడిగి తిప్పరా" అంటున్నాను. నట్టు ఊడుతోంది.