విన్నీ పాత్రకు సాధన: మదలేన్ రెనో వేసిన దారిలో

నాటక రచయిత శామ్యూల్ బెకెట్ రాసిన ‘హ్యాపీ డేస్’ నాటకంలో ముఖ్యపాత్ర విన్నీ మొదటి అంకమంతా నడుం పైదాకా, రెండో అంకమంతా మెడదాకా మట్టిదిబ్బలో కూరుకుపోయి ఉంటుంది. ఫ్రెంచి రంగస్థలంపై ఈ పాత్రకు ప్రాణం పోసింది నటి మదలేన్ రెనో. 1921 నుంచి పారిస్‌లోని ప్రభుత్వ నాటకశాల కొమెదీ ఫ్రాన్సేజ్‌లో సంప్రదాయ నాటకాలు ఆడిన ఆమె, 1946లో భర్త జాన్ లూయీ బారోతో కలిసి సొంత నాటక సమాజం పెట్టుకుంది. రొజే బ్లాన్ దర్శకత్వంలో విన్నీగా 1963లో వేదికెక్కేనాటికి ఆమెకు 63 ఏళ్లు. ఆ తర్వాత ఏళ్ల తరబడి ఆ పాత్రను వదల్లేదు. వయసు మీరిందని వెనకాడే నటి ఈ సంగతి గుర్తుంచుకోవాలి.

సాధనను విన్నీ పక్కనుండే సంచితో మొదలుపెట్టండి. టూత్‌బ్రష్, పేస్టు, చేతి అద్దం, కళ్లజోడు, రివాల్వర్, మందు సీసా, లిప్‌స్టిక్, టోపీ, భూతద్దం, సంగీతం పెట్టె: అన్నీ మొదటి రోజు నుంచే అసలువి ఉండాలి. ఉత్త చేతులతో అభినయిస్తూ సంభాషణ బట్టీపడితే, వస్తువులు వచ్చిన రోజున మాటలన్నీ చెదిరిపోతాయి. సంచిలో ఏది ఎక్కడుండాలో ఖాయం చేసుకుని, చూడకుండా తీయగలిగేదాకా తీస్తూ పెడుతూ ఉండండి.

అసలు కష్టం మాటకూ చేతకూ మధ్య ఉంది. మాట ఆపాలి, చెయ్యి కదపాలి, చెయ్యి ఆపాలి, మళ్లీ మాట ఎత్తుకోవాలి. రెండూ కలిపేస్తే విరామాలు మాయమవుతాయి. బ్రష్ పిడి మీది అక్షరాలను ఆమె తంటాలుపడి చదవడం, కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూడడం ప్రేక్షకుడికి అందవు. ప్రతిలో విరామాలను ఒక రంగుతో, కదలికలను ఇంకో రంగుతో గుర్తు పెట్టుకోండి. విన్నీని నిద్ర లేపే గంట మోతకూ లెక్క ఉంది. మొదట 10 సెకన్లు మోగినా ఆమె కదలదు. రెండోసారి 5 సెకన్లు, ఇంకా కర్ణకఠోరంగా మోగాకే లేస్తుంది. సౌండ్ చూసే మనిషి రిహార్సల్స్‌కు మొదటి నుంచీ రావాలి.

దిబ్బ ముందూ పక్కలా ఏటవాలుగా దిగాలి, వెనక నిటారుగా తెగాలి. విన్నీ భర్త విల్లీ ఉండేది అక్కడే. లోపల నటికి ఎత్తు సర్దుకునే పీట, పాదాలకు ఆనిక, గాలి ఆడే సందు, వెనక తలుపు తప్పనిసరి. పైన మండే లైట్లు, లోపల ఉక్క కలిస్తే సొమ్మసిల్లే ప్రమాదముంది. గొడుగు అంటుకునే ఘట్టంలో పొగ వస్తే చాలు, మంట వీలైతేనే అని రచయితే రాశాడు. మంట పెడితే, గొడుగు విసిరే చోట తడి ఇసుక, నిప్పార్పే సిలిండర్‌తో ఒక మనిషి సిద్ధంగా ఉండాలి.

రెండో అంకంలో తల పక్కకు తిరగకూడదు, వంగకూడదు, పైకెత్తకూడదు. నటికి మిగిలేవి కళ్లు, నోరు, గొంతు. చాలామంది ఇక్కడ గొంతు పెంచి లోటు పూడ్చాలని చూస్తారు. దానివల్ల పదో నిమిషానికే గొంతు బొంగురుపోతుంది. చూపును ఎడమకు, కుడికి, ముక్కు కొసకు మార్చడం విడిగా సాధన చేయండి. చివర్లో విల్లీ చెయ్యి చాచేది ఆమె కోసమా, రివాల్వర్ కోసమా అన్నది నటులు తేల్చేయకూడదు.

బెకెట్ 1989లో పోయాడు. భారత చట్టం ప్రకారం ఆయన హక్కులు 2049 చివరిదాకా ఉంటాయి. తెలుగు చేసినా, ప్రదర్శించినా ముందు అనుమతి తీసుకోండి. రంగసూచనలు మార్చడానికి హక్కుదారులు సాధారణంగా ఒప్పుకోరు కాబట్టి సెట్‌కు డబ్బు ఖర్చుపెట్టకముందే వారికి రాయండి.