కెమెరా ముందు నటన – 4వ పాఠం: లోపలిది లోపలే ఉంచడం

పోయిన పాఠంలో చేతులకు పని చెప్పాం. ఉల్లిపాయలు తరుగుతూ డైలాగ్ చెప్పే అభ్యాసం చేయనివాళ్లు అది పూర్తి చేసుకుని రండి. ఈసారి ముఖానికి పని తగ్గిద్దాం. ఇందుకు మనం గమనించబోయేది మోరిస్ బెనిషూ అనే ఫ్రెంచ్ నటుణ్ణి.

1943లో అల్జీరియాలోని త్లెమ్‌సెన్‌లో పుట్టారు, 2019లో పోయారు. నాటకాల మనిషి. 1985లో నాటక దర్శకుడు పీటర్ బ్రూక్ ఫ్రాన్స్‌లోని అవిన్యోఁ నాటకోత్సవంలో, ఒక రాతి క్వారీలో, తొమ్మిది గంటల మహాభారతం ఆడించినప్పుడు గణపతీ కృష్ణుడూ ఈయనే. ద్రౌపది మల్లికా సారాభాయ్, అంటే కూచిపూడి నేర్చిన మనిషి. ఎన్టీఆర్ తప్ప ఇంకో కృష్ణుడు కళ్లకు ఆనని మనకు ఈయన్ని ఆ వేషంలో ఊహించుకోవడం కాస్త కష్టమే!

సినిమాల్లో, టీవీలో మాత్రం ఎక్కువగా చిన్న వేషాలే. 2001లో వచ్చిన 'అమెలీ'లో, టెలిఫోన్ బూత్‌లో తన చిన్నప్పటి బొమ్మల డబ్బా దొరికి కళ్లు చెమర్చే పెద్దమనిషి ఈయనే. అది బాగుంటుంది గానీ, అక్కడ సంగీతమూ కెమెరా కదలికా నటుడికి చాలా సాయం చేశాయి. మన పాఠానికి 2005 నాటి 'కాషే' కావాలి. దర్శకుడు మిఖాయెల్ హనెకె.

అందులో బెనిషూది మజీద్ పాత్ర. 1961 అక్టోబర్ 17న పారిస్‌లో అల్జీరియన్ల ప్రదర్శనపై పోలీసులు విరుచుకుపడ్డ రాత్రి తల్లిదండ్రులను పోగొట్టుకున్నవాడు. ఆ పైన జార్జ్ అనే పిల్లవాడు చెప్పిన అబద్ధం వల్ల, పెరగాల్సిన ఇల్లూ పోయింది. దశాబ్దాల తర్వాత జార్జ్ వచ్చి, నువ్వే నన్ను వేధిస్తున్నావని నిలదీస్తాడు. మజీద్ గొంతు పెంచడు. చాలాకాలానికి ఇంటికొచ్చిన చుట్టంతో మాట్లాడినట్టు మాట్లాడతాడు. తర్వాత ఇదే ఘట్టం దాచిపెట్టిన కెమెరా కోణంలో మళ్లీ కనిపిస్తుంది. జార్జ్ వెళ్లిపోతాడు, టేప్ ఆగదు, మజీద్ కూర్చుని ఏడుస్తాడు. క్లోజప్ లేదు, సంగీతం లేదు. ఇప్పుడు వెనక్కి వెళ్లి మొదటిసారి చూపిన ఘట్టం చూడండి. ఆ ఏడుపు వస్తుందని ముఖంలో ఎక్కడైనా ముందే చెప్పేశాడా? (సినిమాలో ఇంకో దృశ్యం దారుణంగా ఉంటుంది, పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకోకండి.)

ఇక అభ్యాసం. ఫోన్‌ని అల్మారా మీద కదలకుండా పెట్టి రికార్డింగ్ నొక్కండి. మీ స్నేహితుడు వచ్చి "డబ్బు నువ్వే తీశావు" అని గట్టిగా అడగాలి. మీరు తీయలేదు. ఆ మాట మామూలు గొంతుతో చెప్పండి, అతనికి కుర్చీ చూపించండి. అతను వెళ్లాక రికార్డింగ్ ఆపకుండా రెండు నిమిషాలు అక్కడే కూర్చోండి. ఏడవాలని ప్రయత్నించొద్దు. ఏమీ రాకపోతే రాకపోనివ్వండి.

తర్వాత సౌండ్ తీసేసి చూసుకోండి. స్నేహితుడు ఎదురుగా ఉన్నప్పుడే మీ కనుబొమలు "పాపం నేను" అనేస్తుంటే టేక్ పనికిరాదు, మళ్లీ చేయండి. సీరియల్స్‌లో నటించినవాళ్లకు ఇది ఎక్కువ టైమ్ పడుతుంది, టెన్షన్ వద్దు. పనికొచ్చిన టేక్ చెరిపేయకండి. 5వ పాఠంలో దాని మీదే పని చేస్తాం.